అసలు ఎప్పుడు మొదలవుద్ది?

2005 మార్చిలో మా ఫ్లాటుకు లోన్ మంజూరైన సాయంత్రం ఊళ్లో ఉన్న మా నాన్నకు ఫోన్ చేశాను. నిజాంపేటలో రెండు పడకగదుల ఫ్లాటు, 1,050 చదరపు అడుగులు, ధర 16 లక్షలు, బ్యాంకు ఇస్తున్నది 12 లక్షలు, ఇరవై ఏళ్ల గడువు. గుక్క తిప్పుకోకుండా చెప్పేశాను. నాన్న అంతా విని "వడ్డీ?" అన్నాడు. ఏడాదికి ఎనిమిది శాతం అన్నాను. వడ్డీని ఎప్పుడూ నూటికి నెలకు ఇన్ని పైసలని లెక్కేసే మనిషి. "ముప్పావలా కూడా పడట్లేదు, ధర్మవడ్డీయే" అని సంబరపడ్డాడు. నెలకెంత కట్టాలని అడిగాడు. 10,037 రూపాయలన్నాను. కాసేపు అటు నుంచి మాట లేదు. తర్వాత, "మరి అసలు ఎప్పుడు మొదలవుద్దమ్మా?" అన్నాడు.

"వచ్చే నెల ఐదో తారీఖు నుంచే నాన్నా" అన్నాను.

నాన్న నోట్లోని 'అసలు' వేరు, నా చెవిన పడ్డ 'అసలు' వేరు. నాకది మాట మధ్యలో వచ్చే ఊతపదం. నాన్నకది పన్నెండు లక్షలు. ఆ తేడా తెలియడానికి నాకు నాలుగేళ్లు పట్టింది.

నాన్న తెనాలి దగ్గర పల్లెటూళ్లో బడిపంతులు. దస్తూరి బాగుంటుందని ఊళ్లో అప్పు ఇచ్చేవాళ్లూ పుచ్చుకునేవాళ్లూ ఆయన చేతే ప్రామిసరీ నోట్లు రాయించుకునేవాళ్లు. రెవెన్యూ స్టాంపు తడిపి అంటించడం, దాని మీదుగా సంతకమో వేలిముద్రో పడడం, సాక్షులు కండువాలు సర్దుకుంటూ అరుగు మీద కూర్చోవడం చూస్తూ పెరిగాను. ఆ కాగితానికి మూడేళ్లే ఆయుష్షు. ఈలోగా ఎంతో కొంత కట్టి నోటు వెనక చెల్లు రాయించాలి, లేదా కొత్త నోటు తిరగరాయాలి. లేకపోతే కాలదోషం పట్టి కోర్టులో నిలవదు. అందువల్ల మూడేళ్లు నిండేలోగా ఒకసారైనా అప్పిచ్చినవాడూ తీసుకున్నవాడూ ఎదురెదురుగా కూర్చోక తప్పేది కాదు. నాన్న లెక్కంతా బిగ్గరగా చదివేవాడు. తీసుకున్నది ఇంత, వడ్డీ అయింది ఇంత, ఇచ్చింది ఇంత. ఇచ్చినదాంట్లో ముందు వడ్డీకి పోగా అసలుకు జమ పడింది ఇంత. అక్షరం రానివాడికి కూడా ఎక్కడున్నాడో తెలిసేది. మూడేళ్లు కట్టినా అసలు ఇసుమంత కూడా కదలలేదని విన్నవాళ్లు లేచి వెళ్లేటప్పుడు చెప్పులు వేసుకోవడం మర్చిపోయిన సందర్భాలు నాకు గుర్తున్నాయి.

అవి రెండు రూపాయల, మూడు రూపాయల వడ్డీలు. ఏడాదికి 24, 36 శాతమన్న మాట. సంసారాలను కూల్చిన అప్పులవి. వాటిని నేను మెచ్చుకోవడం లేదు. బ్యాంకు వడ్డీ అందులో మూడో వంతు. అది రాకపోతే నాలాంటి జీతగాళ్లకు నగరంలో సొంత గోడ ఉండేదే కాదు. నాకు కావాలనిపించేది ఆ వడ్డీ కాదు, అరుగు మీద చదివిన ఆ లెక్క. మాకు లోన్ ఇచ్చినప్పుడు ముందు తేదీలు వేసిన 36 చెక్కుల మీద సంతకాలు పెట్టించుకున్నారు, అవి అయిపోయాక ఈసీఎస్ పెట్టారు. ఒకటో తారీఖున పడిన జీతం ఐదో తారీఖున తనంతట తానే వెళ్లిపోయేది. నాలుగేళ్లలో ఒక్కరూ నన్ను కూర్చోబెట్టి ఎక్కడిదాకా వచ్చావని చెప్పలేదు. నేనూ అడగలేదు.

2009 ఏప్రిల్‌లో పన్ను లెక్కల కోసం వడ్డీ సర్టిఫికెట్ తెచ్చుకుందామని బ్రాంచికి వెళ్లాను. కౌంటర్లో ఉన్న అమ్మాయి దానితోపాటు ఇంకో కాగితం కూడా ప్రింటు తీసి ఇచ్చింది. మేం కట్టినవి 48 కిస్తీలు, మొత్తం 4 లక్షల 81 వేల 776 రూపాయలు. అందులో అసలుకు జమ పడింది 64 వేలు. ఇంకా బాకీ 11 లక్షల 36 వేలు. కింద చివరి వరుసలో 'మిగిలిన కిస్తీలు: 311' అని ఉంది.

240లో 48 పోతే 192 ఉండాలి. ఎక్కడో పొరపాటు జరిగిందనుకుని ఆ అమ్మాయినే అడిగాను. పొరపాటేం లేదండీ, రేటు పెరిగింది, మీ కిస్తీ పెంచకుండా గడువు పెంచాం అంది. మాది ఎప్పటికప్పుడు మారే ఫ్లోటింగ్ వడ్డీ. 2008 జూలై నాటికి రిజర్వ్ బ్యాంకు తాను బ్యాంకులకిచ్చే అప్పు మీద వడ్డీని, అంటే రెపో రేటును, 9 శాతం దాకా తీసుకెళ్లింది. ఆ ఎక్కడంలోనే మా ఎనిమిది మెట్టుమెట్టుగా తొమ్మిదీ ముప్పావుకు చేరింది. 11 లక్షల 36 వేల మీద ఆ లెక్కన నెల వడ్డీయే 9,230 రూపాయలు. మా 10,037లో అసలుకు మిగిలేది ఎనిమిది వందలు.

311 నెలలంటే ఇంచుమించు ఇరవై ఆరేళ్లు. పద్మావతితో పెళ్లికి కుబేరుడి దగ్గర అప్పు చేసిన స్వామి కలియుగం సాగినన్నాళ్లూ వడ్డీ కడుతూనే ఉంటాడనీ, అసలు యుగాంతాన తీరుస్తాడనీ మనవాళ్లు చెప్పుకుంటారు. అందుకే ఆయన వడ్డికాసులవాడు. దేవుడికి యుగముంది. మా ఆయనకు అప్పటికే నలభై నిండాయి. ఆ కాగితం ప్రకారం చివరి కిస్తీ నాటికి ఆయనకు అరవయ్యారు.

ఆ రాత్రి నాన్నకు ఫోన్ చేసి, "అసలు ఇంకా మొదలే కాలేదు నాన్నా" అన్నాను. మర్నాడే రేపల్లె ప్యాసింజర్ దొరికిందో ఏదో, ఆయన హైదరాబాదు వచ్చేశాడు. వస్తూ ఒక పొడుగాటి నోటుపుస్తకం తెచ్చాడు. మొదటి పేజీ నెత్తిన 'అసలు 11,36,000' అని రాసి, మమ్మల్నిద్దర్నీ భోజనాల బల్ల దగ్గర కూర్చోబెట్టి అరుగు మీద చదివినట్టే చదివాడు. కిస్తీని 14 వేలు చేసుకున్నాం. ఏడాదికోసారి, బోనసో పాత డిపాజిట్టో ఏదో ఒకటి కలిపి, 50 వేలు విడిగా కట్టాలని అనుకున్నాం. ముందే కడితే అప్పట్లో జరిమానా ఉండేది. 2012లో రిజర్వ్ బ్యాంకు ఫ్లోటింగ్ గృహరుణాల మీద బ్యాంకులు అది తీసుకోకూడదంది. జరిమానా ఉన్నా లాభమేనని నాన్న లెక్క కట్టి చూపించాడు. 2010 ఉగాదికి పుస్తకంలో మొదటి చెల్లు రాశాడు. అసలు పది లక్షల ముప్పై వేల దగ్గరికి దిగింది. నాలుగేళ్లలో 64 వేలే కరిగిన బాకీ ఒక్క ఏడాదిలో లక్ష దాటి కరిగింది.

2016 చివరికి తీరిపోయింది. నాన్న రాసిన చెల్లులు 2013 ఉగాదితో ఆగిపోయాయి. తర్వాతవి నా దస్తూరిలో ఉంటాయి. మొత్తం కట్టింది 21 లక్షలకు కాస్త తక్కువ. ఆ 311 నెలలూ అలాగే వదిలేసి ఉంటే 36 లక్షలయ్యేది.

ఇలా చెబితే గెలిచినట్టు ఉంటుంది. కానీ ఆ 14 వేలు ఎక్కడి నుంచి వచ్చాయో కూడా చెప్పాలి. 2008లో నేను ఉస్మానియాలో స్త్రీల పాటల మీద పీహెచ్‌డీకి నమోదు చేసుకున్నాను. పాటలు తెలిసిన ముసలివాళ్ల దగ్గరికి ఊరూరా తిరగాలి. దానికి రెండేళ్లు జీతం లేని సెలవు కావాలి. రెండు జీతాలుంటేనే తిరిగే లెక్కలో ఒక జీతం ఆగితే ఇల్లు ఆగుతుంది. వచ్చే ఏడాది, ఆపై ఏడాది అనుకుంటూ ఉండగానే నేను కలవాల్సిన వాళ్లలో ఒక్కొక్కరే వెళ్లిపోయారు. వాళ్లతోపాటు ఆ పాటలూ పోయాయి. ఏ బ్యాంకు కాగితం మీదా ఈ పద్దు ఉండదు. ఆ ఫ్లాటు నాకు ఎంతకు పడిందని ఎవరైనా అడిగితే మాత్రం నేను ఆ రెండేళ్లను కూడా కలిపే చెబుతాను.

ఊళ్లో ఎవరిదైనా ఇల్లు తాకట్టులో ఉందంటే గొంతు తగ్గించి చెప్పుకునేవాళ్లు. మనం గృహప్రవేశానికి వచ్చిన చుట్టాలతో 'లోన్ వచ్చింది' అంటాం, ఉద్యోగం వచ్చింది అన్నట్టు. రిజిస్ట్రేషన్ ఆఫీసు నుంచి వచ్చిన అసలు దస్తావేజు ఏకంగా బ్యాంకు లాకర్లోకి వెళుతుంది. దస్తావేజులు అప్పగించి చేసే ఈ తనఖా 1882 నాటి ఆస్తి బదిలీ చట్టంలోనే ఉంది. తనఖా అన్న మాట మన నోట రాదు, ఈఎంఐ అంటాం. మాట మారేసరికి భయం పోయింది, మంచిదే. భయంతోపాటు లెక్క కూడా పోయింది. అది మంచిది కాదు.

నిరుడు మా అన్నయ్య కొడుకు తెల్లాపూర్‌లో ఫ్లాటు చూసుకున్నాడు. లోన్ 80 లక్షలు, ఎనిమిదిన్నర శాతం, గడువు ముప్పై ఏళ్లు. వడ్డీలో పావు శాతం తగ్గించుకోవడానికి మూడు బ్యాంకులు తిరిగానత్తా అన్నాడు గర్వంగా. కష్టపడ్డాడు, కాదనను. ఇద్దరం కూర్చుని లెక్క వేశాం. ఇరవై ఏళ్ల లోన్ మీద పావు శాతం తగ్గితే మొత్తమ్మీద మిగిలేది మూడు లక్షలు. మంచి సొమ్మే. అదే లోన్ ఎనిమిదిన్నరకు ఇరవై ఏళ్లయితే నెల కిస్తీ 69,426, ముప్పై ఏళ్లయితే 61,513. నెలకు 7,913 తగ్గిందని వాడు ముప్పై ఎంచుకున్నాడు. ఇరవై ఏళ్లలో కట్టేది మొత్తం 1 కోటి 66 లక్షల 62 వేలు. ముప్పైలో 2 కోట్ల 21 లక్షల 44 వేలు. తేడా 54 లక్షల 82 వేలు. మూడు లక్షల కోసం మూడు బ్యాంకులు తిరిగిన పిల్లవాడు, దరఖాస్తులో గడువు గడి దగ్గర ఒక్క అంకె రాసి యాభై నాలుగు లక్షలు ఇచ్చేశాడు.

ఇది వాడి ఒక్కడి తప్పు కాదు. మన మార్కెట్లో ఇల్లు అమ్మేవాళ్లూ అప్పు ఇచ్చేవాళ్లూ అందరూ నెల కిస్తీ గురించే మాట్లాడతారు, మనమూ అదే అడుగుతాం. కిస్తీ జీతంలో ఇముడుతుందా లేదా అన్నదే చూస్తాం. ఇమడకపోతే గడువు సాగదీసి ఇమిడిస్తారు. వాడికి ఇరవై ఏళ్ల లెక్కే ఇంకాస్త విప్పి చూపించాను. మొదటి నెల 69,426లో వడ్డీ 56,667, అసలుకు 12,759. అయిదేళ్లలో 41 లక్షల 65 వేలు కడితే అసలు తగ్గేది తొమ్మిదిన్నర లక్షలు. కిస్తీలో వడ్డీ కంటే అసలు ఎక్కువయ్యేది పన్నెండో ఏడు చివర్లో. అప్పులో సగం తీరేది పదమూడేళ్ల పది నెలలకు. ఇరవై ఏళ్ల లోన్‌లో పదేళ్లకు సగం తీరుతుందని మనసు దానంతటదే అనుకుంటుంది. నాన్న 2005లో ఫోన్లో అడిగింది ఈ లెక్కే.

వాడు ఊరికే ఒప్పుకోలేదు. "ఇరవై ఏళ్ల తర్వాత అరవై వేలంటే ఎంతత్తా? జీతాలు పెరుగుతాయి, రూపాయి విలువ తగ్గుతుంది. మిగిలిన ఎనిమిది వేలు మ్యూచువల్ ఫండ్లో పెడితే ఆ 54 లక్షలకు మించే వస్తుంది" అన్నాడు. అందులో నిజముంది. 2005లో మా ఇంటిని కుదిపేసిన 10,037 పదేళ్లు తిరిగేసరికి అంత బరువనిపించలేదు. అయితే జీతం పెరిగిన కొద్దీ కిస్తీ పెంచినవాళ్లకే ఆ పెరుగుదల అప్పు తీర్చడానికి అక్కరకొస్తుంది. మిగతావాళ్లకు అది కారు కిస్తీగానో, స్కూలు ఫీజుగానో మారిపోతుంది. మరి ఆ ఎనిమిది వేలు నిజంగా ప్రతి నెలా పెడుతున్నావా అని అడిగాను. పెట్టడం లేదన్నాడు. అబద్ధమాడనందుకు వాణ్ని మెచ్చుకున్నాను.

అద్దె కట్టడం దండగ, కిస్తీ కడితే సొంతమవుతుంది అని వాడి ఇంట్లోనూ అన్నారు, మా ఇంట్లోనూ అనుకున్నాం. 2005లో మా ఫ్లాటులాంటిదానికే పక్క వీధిలో అద్దె నాలుగున్నర వేలు. మేం బ్యాంకుకు కట్టిన మొదటి నెల వడ్డీ 8,000. దండగ అనే మాట రెండింటికీ సమానంగా వాడాలి. అయినా ఆ ఇల్లు కొన్నందుకు నేనెప్పుడూ విచారించలేదు. అద్దె ఇంట్లో మా అమ్మ వడియాలు పెట్టుకోవడానికి డాబా ఎక్కాలన్నా అనుమతి అడగాల్సి వచ్చేది. ఎవరినీ అడగకుండా మేకు కొట్టుకునే గోడకు విలువ ఉంది. ఎంత విలువో తెలిసి ఇవ్వాలన్నదే నా మాట. పన్ను మిగులుతుందని లోన్ తీర్చకుండా ఉంచుకునేవాళ్లు కూడా ఈ లెక్క చూసుకోవాలి. సొంతానికి ఉంటున్న ఇంటి మీద పాత పన్ను విధానంలో ఏడాదికి రెండు లక్షల వడ్డీ వరకే మినహాయింపు, కొత్త విధానంలో అదీ లేదు. ముప్పై రూపాయల పన్ను తప్పించుకోవడానికి వంద రూపాయల వడ్డీ కట్టడం ఏ ఊరి లెక్కా కాదు.

నాకు జరిగినది పాత సంగతి అనుకునేవాళ్ల కోసం ఇంకొకటి చెప్పాలి. మా కాలేజీలో తోటి లెక్చరర్ ఒకావిడ 2021లో 40 లక్షలు తీసుకుంది. కరోనా రోజుల్లో రెపో రేటు 4 శాతానికి దిగి ఉంది కాబట్టి ఆవిడకు ఆరూ ముప్పావుకే దొరికింది. కిస్తీ 30,415. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రెపో రేటు ఆరున్నరకు ఎక్కింది. ఇప్పటి బ్యాంకు లోన్లు చాలావరకు రెపోకు నేరుగా ముడిపడి ఉంటాయి కాబట్టి ఆవిడ వడ్డీ కూడా రెండున్నర పెరిగి తొమ్మిదింపావు అయింది. అప్పటికి బాకీ 38 లక్షల 50 వేలు. దాని మీద నెల వడ్డీ 29,677. కిస్తీలో అసలుకు మిగిలేది 738 రూపాయలు. అదే కిస్తీ కడుతూ పోతే తీరడానికి ఇంకా నలభై ఏళ్లు. ఆవిడకు అప్పటికి నలభై ఆరు. స్టాఫ్ రూములో ఆ కాగితం నా చేతికిచ్చి, ఇది తప్పేమో చూడండి అంది. 2009లో నేనన్న మాటే.

ఆవిడ కిస్తీ పెంచుకుంది, బంగారం కొంత అమ్మి అసలుకు కట్టింది. 2025లో రేట్లు మళ్లీ దిగాయి. అప్పుడు బ్యాంకువాళ్లు కిస్తీ తగ్గించమంటారా అని అడిగితే వద్దు, గడువు తగ్గించండి అంది. మా అన్నయ్య కొడుకు కూడా ముప్పైని ఇరవైకి మార్చుకున్నాడు. ఏడాదికి పదమూడో కిస్తీ ఒకటి కడుతున్నాడు, దానితో ఇరవై ఏళ్లలో మూడేళ్లకు పైగా తగ్గుతుంది. వాడి భార్య ఉద్యోగం మానేసి ఆయుర్వేదం చదువుకోవాలనుకుంటోంది. ఎప్పుడు మానొచ్చో ఇద్దరూ నెలతో సహా రాసుకున్నారు. నా చేతికి అందనిది వాళ్లకు అందుతుందని ఆశ.

నాన్న కాలంలో మూడేళ్ల కాలదోషం చేసిన పనిని ఇప్పుడు కొంతవరకు రిజర్వ్ బ్యాంకు చేసింది. 2023 ఆగస్టులో ఇచ్చిన ఆదేశాల ప్రకారం, రేటు మారినప్పుడు కిస్తీ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంత పెంచాలా అన్నది అప్పు తీసుకున్నవాళ్లను అడగాలి. మూడు నెలలకోసారి ఒక లెక్క ఇవ్వాలి. అందులో ఇప్పటిదాకా వడ్డీకి ఎంత పోయింది, అసలుకు ఎంత పోయింది, ఇంకా ఎన్ని కిస్తీలు మిగిలాయి అన్నవి ఉండాలి. ఆ మరుసటి నెలలో ఇచ్చిన మరో ఆదేశం ప్రకారం, అప్పు పూర్తిగా తీరాక దస్తావేజులు ముప్పై రోజుల్లో తిరిగివ్వాలి. తమవల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు ఇవ్వాలి. మా దస్తావేజు కోసం నేను మూడు నెలలు తిరిగాను. ఇప్పుడు అంత తిరగక్కర్లేదు.

ఆ లెక్క మీ ఫోన్లోనో మెయిల్లోనో విప్పకుండా పడి ఉండొచ్చు. రాకపోతే అడిగి తెప్పించుకోండి. ఈ ఆదివారం ఇంట్లో అందరూ ఉన్నప్పుడు దాన్ని చివరి వరుసదాకా ఒక్కసారి బిగ్గరగా చదవండి.